నాగప్పకు పెట్టని పంచె

బానిసలను విడిపించినప్పుడు పరిహారం ఎవరికి ఇచ్చారో తెలుసా? బానిసలకు కాదు, వాళ్లను కొనుక్కున్న దొరలకు! ఈ ముక్క చెప్పినప్పుడల్లా హిందూపురం కాలేజీలో చరిత్ర చెప్పే అనురాధకు ఒళ్లు మండిపోతుంది. మారిషస్ దీవిలో చెరకు తోటలు బీడు పడతాయని ఆ దొరల కన్ను మన వైపు పడింది. కరువులో ఉన్నవాళ్లకు మాయమాటలు చెప్పి ఓడలెక్కించారు. దాని మీద ఎనిమిదేళ్లు కష్టపడి ఆమె ఒక పుస్తకం రాసింది.

అచ్చు వేయిస్తానన్నది పెనుకొండ బట్టల వ్యాపారి అశ్వత్థప్ప. రాసింది చదివాక ఆయన నీళ్లు నమిలాడు.

"అంతా బాగుండాదమ్మా. ఆ నాగప్ప పేజీ ఒకటి తీసేయండి. ఆయప్పను మా ముత్తాత మోసం చేసి ఓడెక్కించినాడని రాసినారు. కూడు లేనోళ్లకు దోవ చూపించినాడని మేము చెప్పుకుంటాండామే!"

దోవ చూపించాడట! మగ్గం పని ఇప్పిస్తానని నేతగాడు నాగప్పను తీసుకుపోయి చెరకు నరికించడం దోవ చూపించడమా? మాట అనురాధ నోటిదాకా వచ్చి ఆగిపోయింది. ఈయన కాదంటే పుస్తకం అచ్చు కాదు. సాయంత్రానికి చెబుతానని ధర్మవరం బస్సెక్కింది. నాగప్ప మునిమనవరాలు ఆదిలక్ష్మమ్మ అక్కడే ఉంటుంది. ఆ ముసలామె సరేనంటే పేజీ తీసేయవచ్చు, పాపం తన ఒక్కదానిదే కాదు అనుకుంది.

ఆ రోజు పెద్దల అమావాస్య. మగ్గం ఆపేశారు. గోడవారన విస్తరి వేసి, చనిపోయిన ఒక్కొక్కరి పేరూ తలచుకుని కొత్త బట్టలు పెట్టారు.

"నాగప్పగారికి ఏవవ్వా?" అంది అనురాధ.

"వాని పేరెత్తద్దు తల్లీ. పెండ్లాం బిడ్డల్ని ఇడిసిపెట్టి పారిపోయినోనికి మా ఇంట్లో ఎప్పుడూ గుడ్డలు పెట్టలేదు."

పారిపోలేదవ్వా, మోసం చేసి ఓడెక్కించారని చెప్పి, అనురాధ ఫైలులోంచి మారిషస్ జైలు కాగితం తీసి చదివింది. దొర ఇచ్చే అనుమతి చీటీ లేకుండా తోట దాటినందుకు నాగప్పకు జైలు. ఎక్కడికి పోతున్నావంటే, ఇంటికి పంపమని అడగడానికి రేవుకు అన్నాడు. విడిచిపెట్టగానే మళ్లీ రేవు దారే పట్టాడు. రెండోసారి జైల్లోనే ప్రాణం పోయింది.

ఆదిలక్ష్మమ్మ ఆ కాగితం చేతిలోకి తీసుకుంది.

"ఈ కాగితం నీకు దొరికి ఎన్నాళ్లాయ?"

"మూడేళ్లవ్వా."

"మూడేండ్లా? పుస్తకానికని దాసిపెట్టుకుంటివా? మూడు పండగలు ఆయప్ప మా వాకిట్లో నిలబడి ఆకలితో ఎనక్కి పోయింటాడే! మాకు చెప్పల్లని తోచలేదా నీకు?"

అనురాధకు తల కొట్టేసినట్టయింది. ఇన్నేళ్లు దొరలను తిట్టింది. ఈ ఇంటి మనిషిని తనూ మూడేళ్లు బీరువాలో పెట్టి తాళం వేసుకుంది.

ముసలామె లోపలికి పోయి మనవడికని కొన్న కొత్త పంచె తెచ్చింది. అంచుకు పసుపు రాసి, అందరికంటే ముందు వరసలో పెట్టింది. "నాయనా నాగప్పా, తినిపోరా" అని బావురుమంది.

అప్పుడే ఫోన్ మోగింది. అశ్వత్థప్ప. అనురాధ స్పీకర్ పెట్టింది.

"ఏమమ్మా, తీసేసినారా?"

"తీయను సార్. మీ ముత్తాత నాగప్పను మోసం చేసి ఓడెక్కించిన పేజీ అలాగే ఉంటుంది. నా పుస్తకం అచ్చు కాకపోయినా సరే."

ముసలామె కళ్లు తుడుచుకుని ఫోన్ దగ్గరికి వంగింది.

"ఏమప్పా, మీ పెద్దలకు గుడ్డలు పెట్టుకుంటిరా? మీ ముత్తాత ఓడెక్కించిన మనిషి ఈ పొద్దు మా ఇంటికి వచ్చినాడు."