లైటార్పిన దయ్యం

ఆ సినిమా అతని భార్యను నవ్వులపాలు చేసింది. ఇందులో వాదనకు తావు లేదు.

సినిమాలోని పాడుబడ్డ బంగళాకు తలుపులూ కిటికీలూ చేసిన వడ్రంగి అతనే. దయ్యం వేషం వేయాల్సిన నటి ఆఖరి నిమిషంలో ఎగ్గొట్టింది. అన్నం క్యారియర్ తెచ్చిన అతని భార్యకు తెల్లచీర చుట్టి, గోడకు సున్నం కొట్టినట్టు పౌడరు పూసి నిలబెట్టారు. వాళ్ళు చెప్పినట్టే ఆమె సినిమాలోని షావుకారు పీక నొక్కింది. గదిలోంచి వెళుతూ మాత్రం, ఇంట్లో అలవాటు కొద్దీ, లైటార్పింది. మళ్ళీ తీయడానికి రీలు లేదన్నాడు దర్శకుడు. విడుదలైన రోజు హాలంతా నవ్వులూ ఈలలూ. ఆ తర్వాత ఆమె సినిమా హాలు గడప తొక్కలేదు. ఇప్పుడు ఆమే లేదు.

ఇన్నేళ్ళకు కుర్రకారు ఆ సినిమాను పనిగట్టుకుని చూస్తున్నారని కూతురు చెప్పింది. నెలనెలా వేస్తున్నారట, సీటు దొరకడం కష్టమట. పోయినామెను కూడా వదలరా అని అతను పళ్ళు నూరాడు. కానీ చూసిందే చూడటానికి అందులో ఏముందో, నవ్వు దేనికో అంతుపట్టలేదు. తేల్చుకుందామని కూతురి వెంట వెళ్ళి వెనక వరసలో కూర్చున్నాడు.

దారానికి వేలాడే గబ్బిలాన్ని జనం ముద్దుపేరుతో పిలిచారు. గోడమీద కెమెరా నీడ పడితే చప్పట్లు. డైలాగులు తెరకన్నా ముందే వాళ్ళే చెప్పేస్తున్నారు. అతను చేసిన తలుపు మూసుకోక మొరాయిస్తే, ఇంకాస్త తొయ్యమని సలహాలిచ్చారు. అది ఎగతాళో మురిపెమో అతనికి పాలుపోలేదు.

తెరమీదికి ఆమె వచ్చింది. హాలు సద్దుమణిగింది. షావుకారు పని అయింది. ఆమె చెయ్యి స్విచ్చు వైపు వెళ్ళేసరికి హాలంతా ఒక్క గొంతుతో, "కరెంటు దండగ" అంది.

అతనికి నవ్వు తన్నుకొచ్చింది. కళ్ళు తుడుచుకోవలసినంతగా నవ్వాడు.

ఆట అయ్యాక, దీన్ని ఏం చూసి వస్తారని పక్కసీటు అమ్మాయిని అడిగాడు.

"మిగతా దయ్యాలు మనల్ని భయపెట్టాలని తెగ ఆయాసపడతాయి బాబాయ్. ఈవిడ పని చూసుకుని, ఇల్లు చక్కబెట్టి వెళ్తుంది. మా పెద్దమ్మ అచ్చం ఇంతే."

బయటికొచ్చాక కూతురు చెయ్యి పట్టుకుంది. "వీళ్ళకు చెబుదాం నాన్నా, ఆవిడ మా అమ్మేనని. ఎంత సంబరపడతారో."

"ఆనాడు నవ్విన వాళ్ళను ఈనాటికీ క్షమించలేదు. ఇవాళ వాళ్ళలో నేనూ చేరాను. నువ్వు చెప్పుకుంటే చెప్పుకో. నా నోట మాత్రం ఆ సినిమా మాట ఇక చచ్చినా రాదు."