తొమ్మిది నిమిషాలు

నేను ఒక గోడగడియారాన్ని. రోజుకు ఒక నిమిషం వెనకబడతాను. ఈ సంగతి ముందే చెప్పడం మంచిది.

నా ఇత్తడి చక్రాలు బిగించినవాళ్లు ఆ లోపాన్ని సరిచేయలేకపోయారు. పదకొండేళ్లు ఒక చిన్న రైల్వే స్టేషన్లో వేలాడాను. అక్కడ రైళ్లకే తొందర లేదు కాబట్టి నన్నెవరూ తప్పుపట్టలేదు. తర్వాత ఒక విశ్వవిద్యాలయం నన్ను వేలంలో కొని, గుట్టమీది తన వేధశాలకు పంపింది.

అక్కడ యాదగిరి అనే దినకూలీ ఉద్యోగి ప్రతి సాయంత్రం రేడియో విని నా ముల్లు సరిచేసేవాడు. ఒక్కరోజూ తప్పలేదు.

వకుళ అక్కడ పరిశోధన చేసేది. ఆమె చూసే నక్షత్రం ఒకటే. అది ఉబ్బుతూ, కుంచించుకుపోతూ పదమూడు గంటలకోసారి బాగా వెలుగుతుంది. ఆ వెలుగును యంత్రంతో కొలిచి, నన్ను చూసి వేళ రాసుకునేది. నాలుగేళ్లు రాసింది. ఆమె గైడు నరహరి గారు ఇరవై ఏళ్ల కిందట కట్టిన లెక్కకంటే వెలుగు తొమ్మిది నిమిషాలు ముందుగా వస్తోంది. అంటే నక్షత్రం లయ మారుతోంది. మారదని రాసి పేరు తెచ్చుకున్నది నరహరి గారే.

ఆయన కాగితాలు తిరగేసి, గడియారం వెనకబడి ఉంటుందన్నారు. యాదగిరిని పిలిపించి, రోజూ టైము కలిపావా అని అడిగారు. యాదగిరిని పర్మినెంటు చేసే కాగితం అప్పుడు ఆయన బల్లమీదే ఉంది, సంతకం కాకుండా. యాదగిరి నావైపు చూసి, తర్వాత నేల చూశాడు.

“ఒక్కోసారి మరిచిపోయి ఉంటా సార్.”

వకుళ థీసిస్‌లోంచి ఆ అధ్యాయం తీసేసింది. మిగిలింది డాక్టరేటుకు చాలలేదు. జిల్లా కాలేజీలో ఫిజిక్స్ చెప్పుకోవడానికి వెళ్లిపోయింది.

నన్ను దించి సామాన్ల గదిలో పెట్టారు. కీ ఇచ్చేవాళ్లు లేక నాలుగోరోజున ఆగిపోయాను. ఆగిపోతే బాధగా ఉంటుందనుకున్నాను. ఏమీ అనిపించలేదు.

పంతొమ్మిదేళ్ల తర్వాత, బల్లలు సర్దడానికి వచ్చిన ఇద్దరు మాట్లాడుకుంటుంటే విన్నాను. వేరే దేశంలో ఎవరో ఆ నక్షత్రాన్నే కొలిచి, లయ మారుతోందని తేల్చారట. నరహరి గారు అప్పటికి లేరు.

ఆ ఏడాదే వకుళ తన విద్యార్థులను గుట్టమీదికి తీసుకొచ్చింది. జుట్టు సగం నెరిసింది. గది తాళం తీసింది యాదగిరే. ఆమె నన్ను గుర్తుపట్టి, అద్దంమీది దుమ్ము చేత్తో తుడిచింది. అతను గడప దాటి రాలేదు.

“రోజూ కలిపిన మేడమ్. ఒక్కనాడు కూడా తప్పలే.”

“తెలుసన్నా. అప్పుడే తెలుసు.”

పిల్లలెంతమంది అని అడిగింది. ముగ్గురన్నాడు. ఆమె తలాడించి, కింద విద్యార్థులు పిలుస్తుంటే వెళ్లిపోయింది.

అతను తాళం వేశాడు. తలుపు అవతల చాలాసేపు నిలబడే ఉన్నాడు. తర్వాత మెట్లు దిగిన చప్పుడు వినిపించింది.