జాజు పట్టెల పీపాలు

లస్మవ్వకు రంగులంటే ప్రాణం. చొప్పదండిలో ఏ ఇంట్లో పెళ్లయినా, గోడకు సున్నం కొట్టి మీద జాజు పట్టెలు తీర్చడానికి ఆమె చెయ్యి పడాల్సిందే. ఎర్రటి జాజుమన్ను నానబెట్టి, గుడ్డపీలికతో ఒక్క గీత గీసిందంటే దారం పట్టి కొలిచినట్టుండేది. ఆ చెయ్యే ఒక శివరాత్రి జాతరలో ఆమె కొంప ముంచినంత పని చేసింది.

చెత్త ఎక్కడపడితే అక్కడ పారెయ్యొద్దని దేశమంతా తిరిగి చెప్పే పరిశుభ్రతా సేవా సమాజం ఒకటుండేది. పెద్దాఫీసు ఢిల్లీలో, జిల్లాకొక మనిషి. అంత పేరు మా వైపు ఎవరికీ నోరు తిరగదు, అందుకని సఫాయి సంఘం అనేవాళ్లు. ఆదిలాబాదు నుంచి వచ్చిన అంబదాస్ ఆ సంఘం మనిషి. సైకిలు మీద ఊరూరూ తిరిగి, ఎందరి చేతో కాదనిపించుకుని, ఆఖరుకు చొప్పదండిలో పదిమంది ఆడవాళ్లను పోగుచేశాడు. వాళ్లకు ముందు నిలబడింది లస్మవ్వ. వేములవాడ జాతరలో జనం వండుకుని తినే మైదానాన్ని మేం సాఫుగా ఉంచుతామని ఆమె నలుగురిలో మాటిచ్చింది.

అది విని ఆమె మామ రాయమల్లు పటేలు ఇంతెత్తున లేచాడు.

"పటేలింటి కోడలు జాతరల ఊరోళ్ల ఎంగిలాకులు ఏరుతదా? నా ఇజ్జత్ ఏంగావాలె?"

"ఏరేది లేదు మామా. పీపాలు పెడ్తం. ఎవ్వలాకు వాళ్లే అండ్ల ఏస్తరు."

"ఎయ్యకపోతే?"

జవాబు కూడా పటేలే చెప్పాడు. "ఎయ్యకపోతే నీ సంఘం గింఘం బంద్. నువ్వు గాని, నీ ఎంబడి తిరిగేటోళ్లు గాని మల్ల గడప దాటేది లేదు. జాతరకు నేను గూడ వస్త. నా కండ్లతోనే చూస్త."

పటేలు మాటకు ఊళ్లో ఎదురు లేదు. మిగతా ఇళ్ల మగవాళ్లు కూడా అదే పాట అందుకున్నారు. కాపురానికి వచ్చిన నాటి నుంచి ఇల్లూ పొలమూ తప్ప మరో తావు ఎరగని ఆడవాళ్లు వాళ్లంతా. సంఘం వచ్చాక సాయంత్రం ఒకచోట కూచుని, ఊరి సంగతి తామూ మాట్లాడటం మొదలుపెట్టారు. అది చేజారుతుందంటే లస్మవ్వకు అన్నం సయించలేదు.

సంఘం పంపిన పీపాలేమో తారు పూసి నల్లగా, చూస్తేనే దడుసుకునేట్టు ఉన్నాయి. లస్మవ్వ ఊరుకుంటుందా? అన్నింటికీ తెల్లగా సున్నం కొట్టి, నిలువునా ఎర్రటి జాజు పట్టెలు తీర్చింది. అంబదాస్ వాటి చుట్టూ తిరిగి చూసి, "ఏక్‌దమ్ మస్తున్నయ్ బాయీ" అని మురిసిపోయాడు. తెల్లటి సున్నమూ ఎర్రటి పట్టెలూ గుడి గోడలకూ వేస్తారని ఈ దేశంలో తెలియనివాళ్లు లేరు. ఆ మురిపెంలో ఈ ఇద్దరికే అది తట్టలేదు.

శివరాత్రి పొద్దున పీపాలను మైదానంలో వరుసగా నిలిపి, ఆడవాళ్లు చివరన ఆకులు పూడ్చే గుంత తవ్వడానికి పోయారు. మెట్‌పల్లి నుంచి వచ్చిన ఒకామె ముందుగా ఒక పీపాకు పసుపు రాసి బొట్టు పెట్టింది. ఆమెను చూసి మరొకామె. మధ్యాహ్నానికి ప్రతి పీపా మెడలో బంతిపూల దండ, ముందర కొబ్బరికాయ చిప్పలు, ఊదుబత్తుల పొగ. గుడి చుట్టూ తిప్పాల్సిన మొక్కు కోడెను తెచ్చిన ఒకాయన దాన్ని పీపా చుట్టూ మూడుసార్లు తిప్పి, తృప్తిగా దండం పెట్టుకుని పోయాడు.

గాజుల ఇబ్రాహీం భార్య సుల్తాన్ బీ సంఘంలో లస్మవ్వకు కుడిభుజం. గుంత దగ్గర నుంచి వచ్చి ఆ వైభవం చూసి పొట్ట పట్టుకుని నవ్వింది.

"నీ చేతిల ఏం బర్కత్ ఉన్నదే లస్మవ్వా. చెత్త పీపాకు గూడ మొక్కులు మొదలైనయ్."

లస్మవ్వకు నవ్వు రాలేదు. తెల్లారితే ఒక్కపొద్దు విడిచి ఈ జనమంతా ఇక్కడే తింటారు. ఆమె పీపా పీపాకూ పోయి, ఇది దేవుడు కాదని చెప్పింది. "దేవుడు గాకుంటే జాజు పట్టెలెందుకు తీర్చిండ్రు అవ్వా?" అని అడిగారు.

మర్నాడు అనుకున్నంతా అయింది. పొయ్యిలు వెలిగాయి, వరుసలు లేచాయి. ఒకాయన బుద్ధిగా తన మోదుగాకు విస్తరి మడిచి పీపాలో వెయ్యబోతే, పక్కనున్న ముసలామె చెయ్యి పట్టి ఆపింది. "కండ్లు పోతయ్ కొడుకా. దేవుని మీద ఎంగిలేస్తవా?" ఆయన హడలిపోయి ఆకును అక్కడే జారవిడిచాడు. చూస్తుండగానే ఆకులు గాలికి లేచి మైదానమంతా దొర్లసాగాయి.

"నాలుగు బిందెల నీళ్లు కొట్టి గా బొట్లు కడిగేద్దాం బాయీ" అన్నాడు అంబదాస్, చెమటలు తుడుచుకుంటూ.

"పెట్టిన బొట్టు కడుగుతమా? మాతోని గాదు" అని వెనక్కి తగ్గారు ఆడవాళ్లు. నిజం చెప్పాలంటే లస్మవ్వకూ చెయ్యి రాలేదు. తను గీసిన పట్టెలే తన దారికి అడ్డం పడ్డాయి. అవతల వరుసలో చొప్పదండి మగవాళ్ల మధ్య రాయమల్లు పటేలు తలపాగా సర్దుకుని భోజనానికి కూచుంటున్నాడు. ఇక ఆయన చూడటానికి చాలానే ఉంది.

లస్మవ్వ కొంగు నడుముకు బిగించి గంప అందుకుంది.

"ఏరేది లేదని మీ మామకు చెప్పినవ్ గదనే" అంది సుల్తాన్ బీ.

"చెప్పిన. మైదానం సాఫుంటదని గూడ చెప్పిన. రెండు మాటలల్ల ఒక్కటన్న నిలవాలె గద."

ఆమె మొదటి వరుసకు పోయి, అప్పుడే భోజనం ముగించిన ఒక పెద్దమనిషి ముందు వంగి గంప పట్టింది. "తిన్నరా పెద్దయ్యా? ఆకు ఇండ్ల ఎయ్యిండ్రి."

ఆయన తెల్లబోయాడు. "నువ్వెవ్వలింటి దానివి బిడ్డా?"

"చొప్పదండి రాయమల్లు పటేలు కోడల్ని."

"ఆడబిడ్డవు, పటేలింటి కోడలివి. నా ఎంగిలి నీ గంపల ఏస్తనా? గంత పాపం నేను మొయ్యలేను." ఆయన గబగబా ఆకు మడిచి లేచాడు. "యాడ వెయ్యాల్నో చూపియ్యి. నేనే పోత."

లస్మవ్వ గుంత వైపు చూపింది. పెద్దమనిషే లేచాక పక్కనున్నవాడు గంపలో ఎలా వేస్తాడు? అతనూ లేచాడు. ఆ పక్కామె, "నా ఎంగిలి నువ్వు ముడుతవా అక్కా, వద్దు" అంటూ పిల్లల ఆకులు కూడా ఎత్తుకుంది. లస్మవ్వ ఏరడానికే వచ్చింది. తీరా చూస్తే ఒక్కరూ ఆమెను ముట్టనివ్వడం లేదు. అప్పుడు అర్థమైంది ఆమెకు. వెనక్కి తిరిగి చెయ్యి ఊపింది. సుల్తాన్ బీ, లింగవ్వ, తక్కినవాళ్లు తలా ఒక గంప పట్టుకుని తలా ఒక వరుసలో నిలబడ్డారు. "తిన్నరా? ఆకు ఎయ్యిండ్రి" అంటుంటే, వరుసకు వరుస లేచి గుంత వైపు నడిచింది.

చొప్పదండి వరుస వచ్చింది. లస్మవ్వ నడుముకు బిగించిన కొంగు విప్పి తలమీద కప్పుకుంది. మామను దాటేసి పోవచ్చు, ఎవరూ ఏమీ అనరు. కానీ దాటితే ఇంతమందిని అడిగిన నోటికి విలువేముంది? ఆమె గంప వంచింది.

"తిన్నరా మామా? ఆకు ఎయ్యిండ్రి."

వరుసంతా నమలడం ఆపేసింది. పటేలు కళ్లు ఎర్రబడ్డాయి. కోడలి ముఖం చూశాడు, గంప చూశాడు. గంపలో ఒక్క ఆకు లేదు. తల తిప్పి మైదానం చూశాడు. జనం తిని లేచిన మేర నేల నేలలా కనిపిస్తోంది. ఆయన ఆకు మడిచి, మోకాళ్ల మీద చేతులూని లేచి, అంత జనంలోంచి గుంత దాకా నడిచాడు. తిరిగి వస్తూ, గాలికి కొట్టుకొచ్చిన ఎవరిదో ఆకు కాలికి తగిలితే ఆగాడు. అటూ ఇటూ చూశాడు. వంగి దాన్ని కూడా తీసుకుని మళ్లీ గుంతకు పోయాడు.

అక్కడ నిలబడ్డ మెట్‌పల్లి ఆసామి ఒకడు అడిగాడు. "గీ ఆడోళ్లెవ్వలు పటేలా? సర్కారు పంపిందా?"

"సర్కారు గాదు, మా ఊరి సంఘం." రాయమల్లు పటేలు నలుగురికీ వినపడేట్టు గొంతు పెంచాడు. "గా ముందట గంప వట్టినామె నా కోడలు. వచ్చే ఏడు గూడ వీళ్లే వస్తరు. నేనే తోలుకొస్త."

ఆ మాట లస్మవ్వ చెవిన పడింది. ఏమీ విననట్టే పక్క వరుసకు కదిలింది. పుట్టి బుద్ధెరిగి ఆమె అంత గర్వంగా ఎన్నడూ నడవలేదు, అదీ చేతిలో ఖాళీ గంపతో.