జర్మనీ మాస్టారి గంట

నేను ఒక గంటను అనగానే మీరు చెప్పులు విప్పబోతారేమో, అక్కర్లేదు. గుడిగంటను కాను నేను. కర్రపిడి ఉన్న ఇత్తడి చేతిగంటను. చూడటానికి చెంబంత లేకపోయినా నా గొంతు వీధి చివరిదాకా వినిపిస్తుంది. పుట్టుకతో వచ్చిన గొంతు, ఏం చెయ్యమంటారు? మెల్లగా మాట్లాడటం నాకు చేతకాదు.

నన్ను పోతపోసింది జర్మనీలో, ఒక చిన్న ఊరి కొలిమిలో. మొదటి కొలువు బడిలో. పొద్దున పిల్లల్ని లోపలికి పిలిస్తే నన్ను తిట్టుకునేవారు, సాయంత్రం ఇంటికి వదిలితే ముద్దు చేసేవారు. రెండుసార్లూ మోగింది నేనే, ఒకేలా మోగాను. మనుషుల తీరు నాకు అక్కడే బోధపడింది. బడికి కరెంటు బెల్లు రాగానే నన్ను పాతసామాన్ల సంతలో పడేశారు. అక్కడ ఎకార్ట్ లిండ్నర్ అనే బక్కపలచని కుర్రాడు నన్ను ఎత్తి, ఒక్కసారి ఊపి, చెవి దగ్గర పెట్టుకుని, మోత పూర్తిగా అణిగేదాకా విన్నాడు. నన్ను మోగించినవాళ్ళకు లెక్కలేదు గానీ చివరిదాకా విన్నవాడు ఆయనొక్కడే. ఆయనంటే నాకు అందుకే ప్రాణం.

ఆయన నాటకాల దర్శకుడు. రిహార్సల్లో ఎవరైనా తప్పితే నన్ను మోగించేవాడు. నేను మోగానంటే ‘ఆగండి, మళ్ళీ చెయ్యండి’ అని అర్థం. నటులు నన్ను ఎంత తిట్టుకున్నారో చెప్పలేను. ఒక పెద్ద నటి అయితే నన్ను విగ్గుల పెట్టెలో కుక్కి, ఏమీ ఎరగనట్టు అందరితో కలిసి వెతికింది. ఇంత గోల చేసే నన్ను పట్టుకుని తిరిగే మనిషికి నిశ్శబ్దం అంటే పిచ్చి. మంచి నాటకంలో ఒక్కచోటైనా జనం ఊపిరి బిగబట్టాలి, అది మాటల వల్ల కాదు అనేవాడు. జర్మనీలో ఆయన నాటకాలకు నిశ్శబ్దం బాగానే ఉండేది. సగం కుర్చీలు ఖాళీగా ఉంటే ఉండక ఏమవుతుంది? చివరికి నాటకశాలవాళ్ళు ఇక సెలవు తీసుకోమన్నారు. భార్య అంతకుముందే ఆ మాట అనేసింది.

ఇంట గెలిచి రచ్చ గెలవమంటారు. ఇంట గెలవనివాడు రచ్చకు పోక ఏం చేస్తాడు? టర్కీ దేశంలో, అంకారాలో నాటకం పాఠాలు చెప్పాడు. అక్కడ టీ గ్లాసులు ఖాళీ అయ్యేదాకా నేను మోగినా ఎవరూ లేచేవారు కాదు. తరవాత నైరోబీ. నా మోత వింటే ఐస్‌క్రీం బండి వచ్చిందనుకుని పక్క వీధి జనం బయటికి వచ్చేవారు. ఎక్కడికి పోయినా కొన్నాళ్ళ ఒప్పందం, ఆనక పెట్టె సర్దుకోవడం. వంటింట్లో తనదంటూ ఒక గిన్నె కొనుక్కోలేదు ఆ మనిషి. ఎలాగూ వదిలేసి పోవాల్సిందే కదా అనేవాడు.

అలా తిరిగి తిరిగి తెనాలి దగ్గరి ఒక విశ్వవిద్యాలయానికి నాటకం ప్రొఫెసర్‌గా వచ్చిపడ్డాడు. తెనాలిలో అద్దెకు దిగాడు. తెలుగు నేర్చుకున్నాడు, గోంగూర పచ్చడికి అలవాటుపడ్డాడు. జనం ఆయన్ను ‘జర్మనీ మాస్టారు’ అన్నారు. ఒకరోజు బజారు నుంచి ఇడ్లీపాత్ర చంకలో పెట్టుకుని వస్తుంటే చూసి నేను నివ్వెరపోయాను. ఇంక ఇక్కడే ఉండిపోవాలని ఆయన అనుకుంటున్నాడని అర్థమైంది. వెనక్కి వెళ్తే తలుపు తీసేవాళ్ళు లేరు పాపం.

సరిగ్గా అప్పుడే వైస్ ఛాన్సలర్ గారు కబురు పెట్టారు. నేను మాస్టారి సంచిలోనే ఉన్నాను, అంతా విన్నాను.

“నాటకం డిపార్ట్‌మెంటులో పిల్లలే చేరట్లేదండి. మూసేద్దామంటున్నారు అందరూ. ఒక్క నాటకం వేసి చూపించండి. కాస్త ఆధునికంగా, పద్ధతిగా ఉండాలి. ఈ వన్స్ మోర్ల గోల మాత్రం వద్దు. నాకు నచ్చితే డిపార్ట్‌మెంటు ఉంటుంది, మీరూ ఉంటారు.”

పద్యనాటకం చూడనివాళ్ళకు ఆ గోలేమిటో చెప్పాలి. పద్యం నచ్చితే జనం ‘వన్స్ మోర్’ అని అరుస్తారు. నటుడు మళ్ళీ పాడాలి. యుద్ధంలో ఉన్నా పాడాలి, శోకంలో ఉన్నా పాడాలి. చచ్చి పడి ఉంటే లేచి, పంచె దులుపుకుని పాడి, మళ్ళీ చావాలి. పాడకపోతే అది ఊరికి అవమానం. అంతకన్నా ముఖ్యం, గొంతు పోయిందని నటుడి మీద మచ్చ పడిపోతుంది.

మాస్టారి నాటకంలో రాజు వేషం మద్దాలి పాండురంగయ్య గారిది. అదే డిపార్ట్‌మెంటులో పద్యం నేర్పే పెద్దాయన. వయసు మీదపడినా గొంతులో జీర లేదు. రాజు బాణం దెబ్బ తిని, కూతురికి రాజ్యం అప్పగిస్తూ పద్యం పాడి ప్రాణం వదులుతాడు. ఆ తరవాత కూతురు కదలకుండా అలా చూస్తూ ఉండాలి. మాస్టారికి ఆ నిశ్శబ్దమే నాటకమంతా.

“చచ్చినవాడు లేచి పాడటం ఏమిటి పాండురంగయ్య గారూ?” అన్నాడు మాస్టారు.

“మీ ఊళ్ళో ఎట్టా చస్తారో నాకు తెలవదు గానీ, ఇక్కడ జనం వన్స్ మోరంటే లేవకుండా ఉంటం మహాపాపమండీ.”

వాదన చాలా రోజులు సాగింది. ఇద్దరూ ఒకే క్యారేజీలోంచి అన్నం తింటూ పోట్లాడుకునేవారు. ఉద్యోగం సంగతి తెలిశాక పెద్దాయన మెత్తబడ్డారు. “మీరు ఈ ఊరు ఇడిచిపోటం నాకిష్టం లేదు. మీ కోసం ఒప్పుకుంటన్నా. చస్తే లేవను,” అని చేతిలో చెయ్యి వేశారు.

ఆట తెనాలిలోనే. సాయంత్రానికే మైదానం నిండిపోయింది. వైస్ ఛాన్సలర్ గారు ముందు వరసలో కూర్చున్నారు. మాస్టారు నన్ను పట్టుకుని తెర పక్కన నిలబడ్డాడు. నన్ను ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకుంటూనే ఉన్నాడు. ఆ మాటకొస్తే నాకూ కాస్త కంగారుగానే ఉంది.

పాండురంగయ్య గారు ఆ పద్యం ఎత్తుకున్నారండీ, నేను గంటనై పుట్టినందుకు సిగ్గుపడ్డాను. రాగం చివరికంటా లాగి, కూతురి చేతిలో తల వాల్చి, కన్ను మూశారు. మాస్టారు ఊపిరి బిగబట్టాడు. అంతలో వెనక నుంచి ఒక గొంతు, “వన్స్ మోర్!”

ఇంకేముంది, మైదానమంతా అందుకుంది. పెద్దాయన కదల్లేదు. మాటంటే మాటే. అరుపులు పెరిగాయి, ఈలలు పెరిగాయి. కాసేపటికి అరుపులు మారాయి. “ముసలాయన పని అయిపోయిందిరా, గొంతు లేదు,” అన్నారు ఎవరో. దగ్గరలోనే అన్నారు. పాండురంగయ్య గారు విన్నారు. శవం మూసిన కంట్లోంచి నీళ్ళు చెంప మీదికి జారడం నేను చూశాను, మాస్టారూ చూశాడు.

మాస్టారు ముందు వరస వైపు చూశాడు. మళ్ళీ ఆ పెద్దాయన వైపు చూశాడు. ఆపైన నన్ను ఎత్తి గట్టిగా ఊపాడు.

రిహార్సల్లో ఆ మోతకు అర్థం ఏమిటో పాండురంగయ్య గారికి తెలియనిదా? కళ్ళు తెరిచారు. మాస్టారు తల ఊపాడు. రాజు లేచి కూర్చున్నాడు, పంచె సర్దుకున్నాడు. జనం కేరింతలతో మైదానం అదిరిపోయింది. వైస్ ఛాన్సలర్ గారు కండువా దులిపి లేచి వెళ్ళిపోయారు. కారు స్టార్టయిన చప్పుడు కూడా వినిపించింది.

రెండోసారి పాడింది మొదటిదానిలా లేదు. మొదటిసారి పాడింది రాజు, ఈసారి పాడింది పాండురంగయ్య గారు. పాడటం అయిపోయింది, తల వాలిపోయింది. ఇక జనానికి అడగడానికి ఏమీ మిగల్లేదు. ఎవరూ అరవలేదు. దగ్గు లేదు, పల్లీల పొట్లం చప్పుడు లేదు, చంటిపిల్లలు కూడా కిక్కురుమనలేదు. కూతురు తండ్రి ముఖంలోకి చూస్తూ ఉండిపోయింది. మాస్టారు నా నాలుకను రెండు వేళ్ళతో గట్టిగా పట్టుకున్నాడు, పొరపాటున నేను కదులుతానేమోనని. నాకు మాత్రం బుద్ధి లేదా? జీవితమంతా ఆయన వెతికిన నిశ్శబ్దం అది. చీకట్లో మాస్టారు ఏడుస్తున్నాడు.

డిపార్ట్‌మెంటు మూసేశారు. చూడాల్సిన ముక్క చూడకుండా వెళ్ళిన మనిషి చేతిలో సంతకం ఉంటే అంతే మరి. మాస్టారు పెట్టె దించి, ఇడ్లీపాత్ర పడుతుందా లేదా అని తంటాలు పడుతుంటే పాండురంగయ్య గారు గుమ్మంలోకి వచ్చారు. “పెట్టెందుకు మాస్టారూ, సంచి చాలు. ఎల్లుండి మా నాటక సమాజం ఆట ఉంది. చచ్చేటప్పుడు ఎంతసేపు ఊరుకోవాలో మావాళ్ళకి మీరే చెప్పాలి,” అన్నారు. పెట్టె మళ్ళీ అటక ఎక్కింది. వీసా కోసం ఎన్ని ఆఫీసులు తిరిగాడో ఆయనకే తెలియాలి.

ఇప్పుడు ఊరూరా తిరుగుతున్నాం, ఒక పాత వ్యానులో. తెర లేచే ముందు మోగేది నేనే. మొన్న రేపల్లె వైపు ఒక పల్లెలో ఆట. మాస్టారు లుంగీ ఎగ్గట్టి పందిట్లో తాళ్ళు బిగిస్తుంటే, గడ్డిమోపు మీద కూర్చున్న ఒక రైతు ఎగాదిగా చూసి అడిగాడు.

“మీదే ఊరండీ?”

“తెనాలండీ,” అన్నాడు మాస్టారు, తాడు వదలకుండా.

“అదీ సంగతి. అక్కడోళ్ళకి నాటకాల పిచ్చి జాస్తిలెండి,” అని ఆ రైతు చుట్ట వెలిగించుకున్నాడు.