కామెర్లు రాని అఫిడవిట్

పానకాలు దబ్బనంలోకి దారం ఎక్కించి ఆ పొద్దుటి తొమ్మిదో అఫిడవిట్ కుడుతున్నాడు. ముప్పై ఒక్క ఏళ్లుగా ప్లీడరు గుమస్తా. బొటనవేలికి కాయ కాచింది. కాగితాల మీదికి వంగిన మెడ వంగినట్టే ఉండిపోయింది.

వాది వాయిదాకు రాకపోతే కేసు కొట్టేస్తారు. ముప్పై రోజుల్లో దాన్ని మళ్లీ లేపాలంటే రాకపోవడానికి కారణం రాయాలి. పానకాలు కలానికి తెలిసిన కారణం ఒకటే, కామెర్లు. పెళ్లిలో పప్పు వడ్డిస్తూ వాయిదా మరిచిన పహిల్వానుకు కూడా ఆయన కామెర్లు తెప్పించాడు. తాలూకాలో సగం మందికి ఆయన కాగితాల మీద కళ్లు పచ్చబడ్డాయి.

ఈసారి పడిపోయింది ఆయన సొంత కేసే. పక్కింటివాడు జానెడు ఎడం వదలకుండా గోడ లేపి, ఆయన ఒంటిగదికున్న ఒక్క కిటికీ మూసేశాడు. భార్య పోయాక ఆయన్ని "భోంచేశారా?" అని అడిగిన గొంతులన్నీ ఆ కిటికీలోంచే వచ్చేవి. గాలి కోసం పదకొండేళ్లుగా నడుస్తున్న ఆ దావాను తోటి గుమస్తాలు "గాలి కేసు" అనేవారు.

"నీకూ కామెర్లు రాసుకోకపోయావా బాబాయ్?" అన్నాడు పక్క బల్ల కోటిలింగం. "ఊరందరికీ పంచిపెట్టి నీకు మాత్రం మిగుల్చుకోలేదే!"

"నాకు రాలేదుగా" అని పానకాలు దారం కొరికాడు.

మేడమీది హాల్లో పిటిషన్ పిలుపుకొచ్చింది. అవతలి వకీలు లేచాడు. "ఊళ్లో అందరి తేదీలూ నోటికి చెప్పే మనిషండీ. తన తేదీ తెలీదంటే నమ్మేదేనా?"

జడ్జిగారు కాగితం మీంచి తలెత్తారు. "ఏమయ్యా, తెలీదా?"

"తెలుసండి. ఆ రోజు ఒకేసారి రెండు హాళ్లలోనూ పిలిచారు. కింద నేను లేకపోతే మా క్లయింటు ముసలమ్మకి పొలం పోద్ది. ఇక్కడ పోయేది నా కిటికీయేగా అనుకున్నానండి."

"మరిప్పుడెందుకొచ్చావు?"

"పలకరించేవాళ్లు లేరండి."

వెనక ఎవరో నవ్వబోయి ఆపుకున్నారు. జడ్జిగారు అఫిడవిట్ మరోసారి తిరగేశారు. "ఈ కోర్టుకొచ్చాక కామెర్లు లేని అఫిడవిట్ చూడ్డం ఇదే మొదలు. పిటిషన్ అనుమతించాం. దావా పదిహేడో తారీఖుకి."

మెట్ల మీద కోటిలింగం వీపు చరిచాడు. "గెలిచావ్ బాబాయ్!"

"గెలవలేదురా, బతికింది."

మధ్యాహ్నం పానకాలు ఇనప సామాన్ల కొట్టుకు వెళ్లాడు. "గడియ తలుపుకా, కిటికీకా?" అని కొట్టతను అడిగితే, "కిటికీకి" అని వీధంతా వినబడేలా చెప్పాడు. తిరిగొచ్చి బల్ల దగ్గర కూర్చుని గోడకు చేరగిలబడ్డాడు. ఆ పూటకు మెడ నిటారుగా ఆనింది.

అయిదింటికి కోటిలింగం పెట్టెలకు తాళాలు వేశాడు. "లే బాబాయ్, బస్సెళ్లిపోద్ది." భుజం మీద చెయ్యి వేశాడు. వేసిన చెయ్యి అలాగే ఉంచి, కాసేపటికి తనూ పక్కన కూర్చున్నాడు.

పదిహేడో తారీఖున ప్లీడరుగారు లేచి, వాది చనిపోయాడనీ వారసులెవరూ లేరనీ చెప్పారు. రాకపోవడానికి ఈసారి ఎవరూ కారణం రాయనక్కర్లేకపోయింది.

గుమస్తాల గదిలో పానకాలు బల్ల మీద పాత పేపరు పొట్లం విప్పినట్టే ఉంది. అందులో ఒక ఇత్తడి గడియ, నాలుగు మరలు. ఒక మరను ఆయన అప్పటికే గడియ కన్నంలో దూర్చి చూసుకున్నాడు.