రోములో వంజరం

హైమవతి కాంట్రాక్టు రెన్యువల్ కాగితం టేబుల్ మీదే ఉంది. చైర్మన్ నారాయణమూర్తి పెన్ను మూత తీసి పట్టుకుని కూర్చున్నాడు.

"ఏటమ్మా ఈ రాత?"

గరివిడి చుట్టుపక్కల ఇంగ్లీషు ఎమ్మే చెప్పే కాలేజీ ఇదొక్కటే. ఈ ఉద్యోగం పోతే హైమవతికి ఇంకోటి దొరకదు.

నిన్న కాలేజీ వార్షికోత్సవంలో ఆమె విద్యార్థిని శ్రావణి ఒక పద్యం చదివింది. పాతకాలపు రోమన్ కవుల తరహాలో వ్యంగ్యం రాసుకురమ్మని క్లాసులో చెప్పింది హైమవతే. ఆ పద్యంలో రోమ్ నగరపు ధనవంతుడొకడు విందు చేస్తాడు. తను ఖరీదైన వంజరం చేప వేపుడు తింటూ, వచ్చినవాళ్ళకి కుళ్ళిన చేపల పులుసు పోయిస్తాడు. వంజరం మాట రాగానే హాలు హాలంతా గొల్లుమంది. చైర్మన్‌గారికి వంజరమంటే ప్రాణమనీ, హాస్టల్ చేపల పులుసు కంపు కొడుతుందనీ తెలియనివాడు అక్కడ లేడు. గుమ్మడికాయల దొంగెవరంటే భుజాలు తడుముకున్నట్టు, ముందు వరసలో ఆయనొక్కడే ముఖం మాడ్చుకున్నాడు.

"అది రోమ్ కథ సార్. ఎప్పటివాళ్ళో."

"రోములో వంజరం ఎక్కడిదమ్మా?"

"నాలుగొందల ఏళ్ళ కిందట ఇంగ్లీషు కవులూ అలాగే రాశారు సార్. తిట్టడం రోమన్ల దగ్గరే నేర్చుకున్నారు. మనిషికి రోమన్ పేరు పెట్టేవారు, వీధి మాత్రం లండన్‌ది."

"మరి వాళ్ళనలా ఊరికే వదిలేశారేటి?"

ఇక్కడో చిన్న అబద్ధం ఆడితే సరిపోయేది. పాఠాలు చెప్పే నోరు కదా, నిజమే వచ్చింది.

"లేదు సార్. బిషప్పులు పుస్తకాలు తగలబెట్టించారు."

ఆయన మొదటిసారి నవ్వాడు. "మనం ఏదీ తగలెట్టొద్దులే. పిల్లకి టీసీ ఇచ్చేద్దాం. ఆ రాత మీరు ముందు చూడలేదని ఒక్క ముక్క చెప్పండి, సంతకం పెట్టేస్తాను."

గుమ్మం దగ్గర నిలబెట్టిన శ్రావణి ఇక ఉండబట్టలేకపోయింది.

"రోమూ లేదు గీమూ లేదు సార్. మాది భావనపాడు, సేపల రేవు. సేప కుళ్ళిందో లేదో నాకు తెల్దా? ఆ పులుసు తిని మా హాస్టల్ రూములో ఝాన్సీ ఇంకా మంచం దిగనేదు."

హైమవతికి భయం కన్నా సిగ్గెక్కువ వేసింది. పిల్ల ఎదురుగా వచ్చి నిలబడితే, తను ఇంకా రోములోనే దాక్కుంటోంది.

"చూశాను సార్. వంజరం మాట కొట్టేస్తానని తనంటే, వద్దు, ఉంచమన్నది నేనే."

చైర్మన్ పెన్నుకి మూత పెట్టేశాడు. అంతలో హాస్టల్లో మధ్యాహ్నం భోజనాల గంట మోగింది.

హైమవతి లేచి నిలబడింది. "రండి సార్, ఈ పూట మాతో పాటు హాస్టల్ పులుసే తిందురుగాని."

ఆయన కుర్చీలోంచి కదల్లేదు.