రాక్షస గూళ్ళు కట్టిన మనుషులు

టేకులపల్లి దగ్గర తండాలో పుట్టిన కళ్యాణి హైదరాబాద్‌లో డాక్యుమెంటరీలు తీస్తుంది. పాత చెరువుల మీద, ఇనుము కరిగించిన కొలుముల మీద ఆమె తీసిన చిత్రాలను చూసింది కొద్దిమందే. ఈసారి తమ అడవిలోని రాక్షస గూళ్ళ మీద తీసింది. వేల ఏళ్ళ కిందటి మనుషులు చచ్చిపోయినవాళ్ళను పూడ్చి, చుట్టూ రాళ్ళు నిలబెట్టి, పైన పెద్ద బండ కప్పిన సమాధులవి.

ఆ చిత్రం ఇచ్చిన టీవీ చానల్లో కార్యక్రమాల బాధ్యత చూసే ఉదయ్ భాస్కర్ పెదవి విరిచాడు. "ఊపు లేదు కళ్యాణి గారూ. అంత బండ ఎత్తింది రాక్షసులా, గ్రహాంతరవాసులా అని ఓ ప్రశ్న వేసి వదిలేయండి. జనం చూస్తారు."

"మనుషులే ఎత్తిన్రు సార్."

"ఎలా ఎత్తారో చూపించగలరా?"

ఎలాగో ఆమెకూ తెలియదు. అయినా "చూపిస్త" అని లేచింది.

అడవిలోని గూళ్ళను ముట్టుకోలేదు. తమ చేను గట్టున పడి ఉన్న బండను ఎంచుకుంది. రెండు రాళ్ళు నిలబెట్టించి, వాటి ఎత్తుకు మట్టి ఏటవాలుగా పోయించింది. కింద జామాయిల్ దుంగలు పరిచి, బండకు మోకులు కట్టి, తండావాళ్ళతో లాగించింది.

"జేసీబీ తెస్తే జల్దీ అయితది గద బిడ్డా" అన్నాడు మేనమామ కోటేష్.

"గప్పుడు జేసీబీలు లేవు మామా."

"గప్పుడు రాక్షసులుండిరి" అని నవ్వాడు.

సగం దూరం పోయాక మోకు తెగింది. బండ వెనక్కి జారి కెమెరా స్టాండును నలిపేసింది. కోటేష్ పక్కకు దూకబట్టి కాలు దక్కింది. అందరూ మోకులు వదిలేసి వెళ్ళిపోయారు.

కెమెరా మాత్రం దెబ్బతినలేదు. కళ్యాణి తీసిందంతా మళ్ళీ మళ్ళీ చూసింది. మట్టివాలు మరీ నిటారుగా ఉంది. పైగా ఒకరు లాగేటప్పుడు ఇంకొకరు ఊపిరి తీసుకుంటున్నారు. వాలును పొడుగు చేయించింది, కొత్త మోకులు తెచ్చింది, బండ జారకుండా వెనక చెక్కలు వేయించింది. ఇంటింటికీ తిరిగి బతిమాలింది. పాటలు బాగా పాడే సక్రి దగ్గరకూ వెళ్ళింది.

"నువ్వు పాడితే అందరూ ఒక్కసారే లాగుతరు అత్తా."

"బండకు పాటేంది?" అంది సక్రి. అయినా వచ్చింది.

ఈసారి ఆడవాళ్ళూ మోకు పట్టారు. పాట ఆగిన ప్రతిచోటా అందరూ ఒక్కసారే లాగారు, బండ జానెడు కదిలింది. పొద్దు వాలేసరికి రెండు రాళ్ళ మీద కూర్చుంది. మర్నాడు కింది మట్టి తీసేశారు. కోటేష్ బండ మీద చెయ్యి పెట్టి చూశాడు.

"అయితే గవి కట్టినోళ్ళు మన లెక్కనే ఉండిరన్నట్టు."

ఆ మాట చిత్రంలో ఉంచింది. ఉదయ్ భాస్కర్‌కు చిత్రం నచ్చింది. కానీ పేరులో మాత్రం రాక్షసుల ప్రశ్న ఉండాలన్నాడు. కళ్యాణి ఒప్పుకోలేదు. చానల్ ఆ చిత్రాన్ని వేయలేదు.

ప్రొజెక్టర్ కిరాయికి తీసుకుని తానే ఊరూరా చూపించింది. సారపాకలో, కాగితం మిల్లు షిఫ్టు దిగి వచ్చిన కార్మికులు, బండ పైకెక్కే చోట కుర్చీల్లోంచి లేచి నిలబడ్డారు. చిత్రం అయిపోయింది. ఒకాయన ముందుకొచ్చి, "మళ్ళొకసారి ఏయమ్మా" అన్నాడు.

కళ్యాణి మొదటినుంచి వేసింది.